బూటులో శనగగింజ

న్యూజెర్సీలో మేము అద్దెకున్న అపార్ట్‌మెంటుకి చెక్క నేల. పై వాటాలో నేను రోట్లో మిరపకాయలు దంచితే కింది వాటాలోవాళ్ళ నెత్తిన దంచినట్టే. ఆ సంగతి నాకు తెలియదు. కిందినుంచి ఎవరో చీపురుకర్ర తిరగేసి కప్పుని పొడుస్తుంటే, అదేదో నామీద పగబట్టి చేస్తున్న పని అనుకున్నాను. రెండు రోజులు ఓర్చుకున్నాను. తర్వాత నా వల్ల కాలేదు. ఓర్పు మా ఇంటావంటా లేదు.

అప్పటికి నేను ఈ దేశం వచ్చి ఏడాది. మా ఆయనది వర్క్ వీసా, నాది ఆయన్ని పట్టుకుని వేలాడే వీసా. నేను ఉద్యోగం చెయ్యకూడదు. పోట్లాడకూడదని మాత్రం ఎక్కడా రాయలేదు. కొంగు దోపి కిందికి దిగాను.

తలుపు తీసిన మనిషిని చూడగానే నా కోపం సగం చచ్చింది. నడుం వంగిపోయిన తెల్ల ముసలమ్మ. ముందు ఏప్రన్, ఎడమకాలు ఈడుస్తోంది, చూపు నేలమీద. "అమ్మగారు ఇంట్లో లేరండీ. ఎవరొచ్చారని చెప్పమంటారు?" అంది. ఆవిడ మాట్లాడింది ఇంగ్లీషే. కానీ ఆవిడ మాటలన్నీ నాకు తెలుగులో జ్ఞాపకం ఉండిపోయాయి, అలాగే రాస్తున్నాను. ఇంత వయసులో పనిమనిషిగా చేస్తున్న ఆ తల్లిని ఏమంటాను? "మీ అమ్మగారికి చెప్పు, చీపురు తలకిందులుగా పట్టుకోవద్దని" అని మాత్రం చెప్పి, ఆ కాలు ఎవరికైనా చూపించుకోమని సలహా కూడా ఇచ్చి పైకొచ్చాను. ముసలివాళ్ళ చేత ఊడిగం చేయించుకునే ఈ దేశాన్ని మా ఆయన ఎదురుగా ఆ సాయంత్రమంతా తిట్టాను.

మర్నాడు పోస్టు డబ్బాల దగ్గర అదే మనిషి. నిటారుగా నిలబడి ఉంది. పెదాలకి రంగు, మెడలో ముత్యాలు. కాళ్ళు రెండూ దివ్యంగా ఉన్నాయి. "అమ్మగారు ఇవాళ ఇంట్లోనే ఉన్నారు" అంది నవ్వకుండా.

అలా పరిచయమైంది. నన్ను ఇంతలా వెర్రిదాన్ని చేసిన మనిషి అంతకుముందూ లేదు, ఆ తర్వాతా లేదు.

ఆవిడ నటి. ఉత్తర ఇంగ్లండులో ఏదో రేవు పట్నంలో పుట్టి, పదిహేడేళ్ళకే ఊరూరా తిరిగే నాటక కంపెనీలో చేరింది. అందగత్తె కాదు. ఇరవై ఏళ్ళకే అరవై ఏళ్ళ వేషాలు కట్టించారట. "నా మొహం పుట్టుకతోనే ముసలిది, నేనే దానికోసం ఆగాల్సొచ్చింది" అనేది. అమెరికా వాడొకణ్ణి పెళ్ళి చేసుకుని ఇటు వచ్చేసింది. ఆయన పోయి చాలా కాలమైంది. పిల్లల్లేరు. న్యూయార్క్ నాటకాల్లో, టీవీ సీరియళ్ళలో, అప్పుడప్పుడూ సినిమాల్లో, ఇంగ్లండు యాసతో ట్రే మోసే మనిషి కావాలంటే ఈవిడకి ఫోను వచ్చేది. నర్సు, వంటమనిషి, ఇల్లు అద్దెకిచ్చే ముసలిది, దయ్యాల కొంపకి తాళాలు చూసుకునేది. ఇన్నేళ్ళలో ఆవిడ వేసిన పాత్రల్లో పేరున్నది ఒక్కటీ లేదు. "నా బతుకంతా తలుపులు తియ్యడమే. తలుపు తీశాక కథ లోపలికి పోతుంది, నేను బయటే ఉంటాను" అంది ఒకసారి. నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి. ఆవిడకి తిరగలేదు. వేడి టీలో బిస్కట్టు ముంచుకుంటూ అంది.

ఆవిడ పని చేసే పద్ధతి వేరు. మాటలు ఆఖర్న. ముందు ఆ మనిషికి బూటు ఎక్కడ కరుస్తుందో తేల్చుకునేది. పనివాళ్ళ బతుకు కాళ్ళలో ఉంటుందనేది. అందుకని బూటులో ఎండు బఠాణీ గింజ వేసుకునేది. మడమ కిందయితే వంటమనిషి, వేళ్ళ సందునయితే నర్సు. ఒకసారి ఇంట్లో బఠాణీలు అయిపోయాయని పైకొస్తే నేను ఎండు శనగలు ఇచ్చాను. వేసుకుని మా వంటింట్లో అటూ ఇటూ నడిచింది. "బఠాణీ నలిగిపోతుంది. ఇది నలగదు. మీవాళ్ళు గట్టివాళ్ళు" అని గుప్పెడు పట్టుకుపోయింది. వేషం పని అయ్యాక బూటు విప్పి గింజని కిటికీ దగ్గరున్న సాసరులో పడేసేది. అది టక్కుమని పడేదాకా ఆవిడతో సొంత మాటలు మాట్లాడి లాభం లేదు. నాకు జవాబు చెప్పేది వంటమనిషే.

నాకిచ్చిన పని ఎదుటి పాత్ర మాటలు చదవడం. వల్లె వేసుకునేవాళ్ళకి ఎవరో ఒకరు ఆ మాట అందించాలి కదా. మొదట్లో నేను పౌరాణికం చదివినట్టు రాగం తీశాను. "నువ్వు నటించకు అమ్మాయ్. గోడలా చదువు" అని కసిరింది. గోడలా చదవడం నాకు చాలా కష్టమైంది.

నిజానికి ఆ పని నా రక్తంలో ఉంది. మా నాన్న తెనాలి కరెంటాఫీసులో గుమాస్తా. ఆఫీసు అయ్యాక పరిషత్తు నాటకాలకి తెర వెనక నిలబడి మాటలు అందించేవాడు. చిన్నప్పుడు ఆయన కాళ్ళ దగ్గర కూర్చుని ఎన్ని నాటకాలు పక్కనుంచి చూశానో. ముందునుంచి చూసినవి తక్కువ. "చూడవే, మరిచిపోయినవాడు ముందు ఊపిరి బిగబడతాడు. ఊపిరి ఆడుతుంటే అది నటన, నువ్వు నోరు మూసుకో. ఊపిరి ఆగిందా, మొదటి అక్షరం అందించు. మాట మొత్తం అందించావో, వాడి పరువు నువ్వు తీసినట్టే" అనేవాడు. మెడకింద గుంట చూడమనేవాడు. లేచి పడుతుంటే భయం లేదు.

ఇది చెబితే ఆవిడ చాలాసేపు నవ్వింది. "ఇక్కడ అందించేవాడు ఉండడు. రిహార్సల్ వరకే. ఆటలో మరిచిపోతే నిలబడి చావడమే" అంది.

ఏళ్ళు గడిచాయి. మాకు పాప పుట్టింది. పాకడం, నడవడం అన్నీ ఆవిడ వాటాలోనే నేర్చింది. దానికి ఆవిడ 'డౌన్‌స్టేర్స్ ఆంటీ'. మా చుట్టూ ఉన్న వాటాలన్నీ మనవాళ్ళతో నిండిపోయాయి, ఓక్ ట్రీ రోడ్డు మీది ఇండియా కొట్లు మా గుమ్మం దాకా వచ్చినట్టయింది. మొదట్లో నా పోపు వాసన మీద ఫిర్యాదు చేసిన ఆవిడ కాస్తా, వాసన రాకపోతే "ఇవాళ వంట లేదా?" అని అడిగే మనిషయింది. నా వీసా మాత్రం అక్కడే ఉంది. నేను చదివింది ఎమ్మే, చేస్తున్నది గోడ ఉద్యోగం. దానికీ ఒక రుచి పడింది, అబద్ధం ఎందుకు.

ఆ గోడ ఉద్యోగం వల్లనే ఆవిడ జబ్బు డాక్టర్లకంటే ముందు నాకు తెలిసింది. నేను మాట అందిస్తాను, ఆవిడ నోరు తెరుస్తుంది, మెడకింద గుంట ఆగిపోతుంది. మొదటి అక్షరం అందించేదాన్ని. మాట వచ్చేది. మొదట్లో ఎప్పుడో ఒకసారి. తర్వాత తరచు. ఆ తర్వాత మొదటి అక్షరం చాలడం మానేసింది. నేను ఆ సంగతి ఎత్తలేదు. ఆవిడే ఎత్తింది. "నా ఏజెంటుకి తెలిసిందంటే ఆ రోజుతో నా పని ఆఖరు. మీ ఆయనకి కూడా చెప్పకు." చెప్పనన్నాను. చెప్పలేదు.

అలాంటప్పుడు వచ్చింది ఆ వేషం.

కారులో గంట దూరంలో ఒక ఊళ్ళో చిన్న థియేటరు. కొత్త నాటకం. తండ్రి పోయాక పిల్లలు ఇల్లు అమ్ముకుంటున్నారు. ఈవిడ మళ్ళీ వంటమనిషే, మళ్ళీ పేరు లేదు, నాటకమంతా ట్రే మోస్తుంది. కానీ చివర్లో, సామాన్లు సర్దేశాక, చిన్నకూతురు ఆమెని అడుగుతుంది: "ఇన్నేళ్ళలో మేమెప్పుడూ అడగలేదు. నీకేం కావాలి?" అప్పుడు వంటమనిషి మాట్లాడుతుంది. కిటికీ పక్కనున్న కుర్చీ చూపించి, రోజూ దాని దుమ్ము దులిపాననీ, ఒక్కనాడూ కూర్చోలేదనీ, వద్దని ఎవరూ అనలేదనీ, కూర్చుంటే మళ్ళీ లేవబుద్ధి కాదేమోనని భయపడ్డాననీ చెబుతుంది. పేజీ నిండా ఆవిడ మాటలే. ఇన్ని మాటలు ఆవిడకి ఎవరూ ఎప్పుడూ రాసివ్వలేదు.

కాగితాలు పట్టుకుని మెట్లెక్కి పైకొచ్చింది. "వంటమనిషికి నోరొచ్చింది" అంది. "ఇది ఒక్కటి చెప్పేస్తే చాలు. తర్వాత అంతా మరిచిపోయినా సరే."

ఆ చలికాలమంతా మాకు అదే పని. నేను చిక్కుడుకాయలు ఈనెలు తీస్తూ "నీకేం కావాలి?" అనేదాన్ని. కుక్కరు కూత మధ్యలో "నీకేం కావాలి?" పొద్దున వచ్చిన మాట సాయంత్రానికి పోయేది. సాయంత్రం పట్టుకున్నది తెల్లారేసరికి ఉండేది కాదు. శనగగింజ మీద మడమ నొక్కితే మొదటి మాట, ట్రే దించితే రెండో మాట, ఇలా ఒంటికి కట్టేసుకోవాలని చూసింది. ఒకరోజు నేను అడిగీ అడగ్గానే, బల్లకింద బొమ్మలతో ఆడుకుంటున్న మా పాప ఆ మొదటి వాక్యం తన అమెరికా యాసలో గడగడా అప్పజెప్పేసింది. పిల్లముండకి వినీ వినీ వచ్చేసింది. ఆవిడ నవ్వి దాని తల నిమిరింది. ఆ నవ్వు చూసి నేను సింకు వైపు తిరిగిపోయాను. దాన్ని ఒక్కటి వెయ్యాలనిపించింది, పసిదాని తప్పేముంది అందులో?

ఆట ముందురోజు నన్ను కూర్చోబెట్టి చెప్పింది. "ముందు వరసలో టికెట్ పెట్టించాను. కానీ నోరు తెరిచావంటే మళ్ళీ నీ మొహం చూడను."

"మరి మరిచిపోతే?"

"మరిచిపోతే మరిచిపోయినదాన్నవుతాను. అందించుకున్నదాన్ని కాను. తేడా ఉంది."

ఆ తేడా నాకు తెలుసు. మా నాన్న కూతుర్ని.

ఆదివారం మధ్యాహ్నం మొదటి ఆట. పాపని స్నేహితుల ఇంట్లో దింపి మా ఆయన డ్రైవ్ చేశాడు. హాలు నిండా తలపండిన తెల్లవాళ్ళు. ఆవిడ ట్రే పట్టుకుని వచ్చింది, పోయింది, మళ్ళీ వచ్చింది. ఎడమ మడమ ఈడుస్తున్న తీరు చూసి నాకు గర్వం వేసింది. అది నా డబ్బాలో శనగ. ఆ చివరి ఘట్టం వచ్చింది. కూతురు వేషం వేసిన అమ్మాయి అడిగింది. "నీకేం కావాలి?"

ఆవిడ కుర్చీ వైపు చూసింది. మడమ నొక్కింది. నోరు తెరుచుకుంది. మెడకింద గుంట ఆగిపోయింది.

మొదటి అక్షరం నా నాలుక చివర ఉంది. పళ్ళు బిగించాను. ఆవిడ నిలబడే ఉంది. చేతిలో ట్రే మీద కప్పు సాసరు మీద చిన్నగా కొట్టుకుంటోంది. ఆ చప్పుడు తప్ప హాల్లో ఇంకేం లేదు. ఎవరికైనా అర్థమవుతుందేమోనని చుట్టూ చూశాను. అందరూ ముందుకు వంగి చూస్తున్నారు. పక్కావిడ పర్సులో టిష్యూ వెతుక్కుంటోంది. స్టేజి మీద ఆవిడ ఆ కుర్చీని చూస్తూనే ఉంది, మునిగిపోతున్న మనిషి గట్టు వైపు చూసినట్టు. చివరికి ఆ కూతురు వేషం అమ్మాయి తెలివైనది, వచ్చి ట్రే అందుకుని, తన తర్వాతి మాట చెప్పేసి, ఆవిడని నెమ్మదిగా లోపలికి తీసుకుపోయింది.

హాలంతా లేచి నిలబడింది. ఏడుస్తూ చప్పట్లు. మా ఆయన కళ్ళు తుడుచుకుంటూ "ఏం యాక్ట్ చేసిందే బాబూ! ఒక్క డైలాగ్ లేకుండా చంపేసింది" అన్నాడు. ఆయన్ని అక్కడే కొట్టేదాన్ని. ఆ జనాన్నందర్నీ కొట్టేదాన్ని. కళ్ళెదుట ఒక మనిషి పోతుంటే దానికి చప్పట్లు కొడుతున్నారు.

తెర వెనక్కి వెళ్ళేసరికి డైరెక్టరు ఆవిడని కావలించుకుని ఉన్నాడు. ఆ నిశ్శబ్దం ఒక అద్భుతం అంటున్నాడు. ఆవిడ నన్ను చూసి, అతను వెళ్ళేదాకా ఆగి, బూటు విప్పింది. గింజ వెయ్యడానికి అక్కడ సాసరు లేదు. అరచేతిలో పట్టుకుని కూర్చుంది. "వాళ్ళకి నచ్చింది" అంది.

ఆ వారం అక్కడి పత్రికలో రాశారు. పెద్ద పెద్ద మాటలు చెప్పలేనిది ఆ ముసలి పనిమనిషి మౌనం చెప్పిందని. ఆవిడ పేరు మొదటి పేరాలోనే ఉంది. ఇన్నేళ్ళ పనిలో మొదటిసారి. మర్నాడు డైరెక్టరు ఫోన్ చేసి, ఆ పేజీ మొత్తం తీసేస్తున్నామన్నాడు. ఇక రోజూ మౌనమే.

కాదనాలంటే ఆవిడ ఒక్కటే చెప్పాలి, అది మౌనం కాదు మరుపు అని. అది చెబితే వేషం పోతుంది. చెప్పకపోతే మాట పోతుంది. ఫోనులో "సరే" అంది. నేను పక్కనే ఉన్నాను. ఆ డైరెక్టర్ని నాలుగు మాటలు కడిగేస్తానని నేను ఫోను లాక్కోబోతే, నా చెయ్యి పట్టుకుని ఆపింది.

మిగిలిన ఆటలన్నీ అలాగే నిలబడింది. ఇంకోసారి వెళ్ళి చూశాను. మెడకింద గుంట లేస్తోంది, పడుతోంది. ఈసారి అది నటన. ఎవరికీ తేడా తెలియలేదు. అవే కన్నీళ్ళు, అవే చప్పట్లు. తిరిగొస్తుంటే కారులో అంది, "ఇప్పుడు ప్రతి మాటా గుర్తొస్తోంది. అక్కడ నిలబడి మొత్తం లోపల చెప్పుకుంటున్నాను, ఒక్క అక్షరం పోకుండా." నా జీవితంలో అంత నిరాశ ఎప్పుడూ లేదు. దేవుడున్నాడని నమ్మే ఇంట్లో పుట్టాను కాబట్టి తిట్టడానికైనా ఆయన దొరికాడు.

పత్రికలో పేరు చూసి ఏజెంటు తర్వాత రెండు మూడు వేషాలు తెచ్చాడు. అన్నీ మాట్లాడని ముసలమ్మలే. ఆవిడ ఒప్పుకోలేదు. గింజలు అడగడం మానేసింది.

తర్వాతంతా జారుడుబండే. ఒకరోజు ఓక్ ట్రీ రోడ్డులో మాకు తెలిసిన చీరల కొట్టునుంచి నాకు ఫోను. వెళ్ళి చూస్తే ఈవిడ తలుపు పట్టుకుని నిలబడి ఉంది. వచ్చేవాళ్ళకి తలుపు తీసి, కోటు అందుకోబోయి, "అమ్మగారు ఇంట్లో లేరండీ" అంటోంది. కొట్టువాడు మంచివాడు, నేను వచ్చేదాకా తలుపు తీయనిచ్చాడు. చెయ్యి పట్టుకుంటే వచ్చేసింది. దారిలో నన్ను "ఎవరొచ్చారని చెప్పమంటారు?" అని అడిగింది. మొదటిరోజులా ఆట పట్టిస్తోందేమోనని మొహంలోకి చూశాను. ఆట లేదు.

చనిపోయిన భర్త తమ్ముడి కొడుకు మిషిగన్ నుంచి వచ్చి ఆవిడని వృద్ధుల కేంద్రంలో చేర్పించాడు. చెడ్డవాడు కాదు, తొందరలో ఉన్నాడు. ఇల్లు ఖాళీ చేసి సంచులన్నీ చెత్త డబ్బా పక్కన పెట్టాడు. ఒక సంచి నిండా పాత బూట్లు. నేను ఒకటి తీసి తిరగేశాను. నా శనగ ఒకటి రాలింది.

ఆ కేంద్రానికి వెళ్ళినప్పుడల్లా నన్ను గుర్తుపట్టేది కాదు. మాటలు దాదాపు పోయాయి. ఒకసారి అక్కడి నర్సు నన్ను పట్టుకుని, "ఎడమకాలు ఈడుస్తోంది, ఎక్స్‌రే తీశాం, స్కాన్ తీశాం, ఏమీ లేదు, ముందునుంచీ ఉందా?" అని అడిగింది. చూశాను. నేలమీద జారకుండా వేసే మేజోళ్ళు తొడిగారు, బూట్లు లేవు, గింజ లేదు. కానీ అదే కుంటు. వంటమనిషి కుంటు. "అది జబ్బు కాదు, వేషం" అన్నాను. ఆ అమ్మాయి జాలిగా నావైపు చూసింది, నాక్కూడా ఒక మంచం అవసరమేమో అన్నట్టు.

నాకు మాత్రం ఆశ పుట్టింది. కాళ్ళకి గుర్తుంటే నోటికి ఎక్కడో గుర్తుండాలి కదా. ఆ ఏడాదే నాలాంటి వీసావాళ్ళు ఉద్యోగం చెయ్యొచ్చని గవర్నమెంటు ఒప్పుకుంది. "అప్లై చెయ్, నీకేం వచ్చో రాయి" అంటాడు మా ఆయన. నాకు వచ్చింది ఒక్కటే, మా నాన్న నేర్పింది.

ఆ మధ్యాహ్నం కిటికీ పక్కన కుర్చీలో కూర్చుని ఉంది. కూర్చోబెట్టారు. ఎదురుగా స్టూలు వేసుకుని, గోడలా, రాగం లేకుండా అన్నాను. "ఇన్నేళ్ళలో మేమెప్పుడూ అడగలేదు. నీకేం కావాలి?"

నావైపు తిరిగింది. పెదాలు కొంచెం విడివడ్డాయి. నేను మెడకింద గుంట చూశాను. ఆగలేదు. నెమ్మదిగా లేస్తోంది, పడుతోంది. నాన్న లెక్కన అది మరుపు కాదు. ఊపిరి ఆడుతుంటే నోరు మూసుకోవాలి. మూసుకున్నాను. మొదటి అక్షరం నాలుక మీద పెట్టుకుని అలాగే కూర్చున్నాను. కిటికీ ఎండ ఆవిడ ఒళ్ళోంచి నేలమీదికి జారింది. నేను ఆగాను.

భోజనాల బండి వచ్చింది. నర్సు ఆవిడ మెడకి తువ్వాలు కట్టి, వంగి, ప్రేమగానే అడిగింది. "నీకేం కావాలి బంగారం? సూపా, బంగాళాదుంపా?"

ఆవిడ దానికీ ఏమీ అనలేదు. ఊపిరి మాత్రం అలాగే ఆడుతోంది.